తిండి ముందు, పిండం తర్వాత: వివృతబీజాల్లో విత్తనం తయారయ్యే తీరు

పైన్ గింజ పెంకు పగలగొడితే లోపల తెల్లగా, నూనె నిండిన పప్పు కనిపిస్తుంది. ఆ పప్పు ఎక్కడి నుంచి వచ్చిందో తెలిస్తే వివృతబీజాల, అంటే పైన్, సైకస్ లాంటి పూలు పూయని విత్తన మొక్కల, విత్తనం సగం అర్థమైనట్టే. అది పిండం కాదు, తల్లి చెట్టు కణజాలమూ కాదు. స్థూలసిద్ధబీజం అనే ఒకే ఒక్క కణం నుంచి పెరిగిన స్త్రీ సంయోగబీజదం, అంటే స్త్రీబీజకణాలను తయారుచేసే కణజాలం అది. దాని కణాల్లో క్రోమోజోములు ఒక్క వరసే ఉంటాయి, అంటే అది ఏకస్థితికం. ఫలదీకరణ జరిగే సమయానికే అది అండంలో, అంటే తర్వాత గింజగా మారే భాగంలో, పెరిగి ఉంటుంది. వరిలో, మొక్కజొన్నలో కథ వేరు. అక్కడ రెండో పురుషబీజకణం వచ్చి కలిశాకే పిండానికి తిండి అయ్యే అంకురచ్ఛదం పుడుతుంది, కాబట్టి సాధారణంగా దానికి మూడు వరసలుంటాయి. అంటే పూల మొక్క పిండం ఖాయమయ్యాక తిండి సమకూరుస్తుంది, పైన్ చెట్టు ముందే సిద్ధం చేసి పెట్టుకుంటుంది. విత్తనానికి అంత కాలం పట్టడానికీ, తాలు గింజలు అన్ని రావడానికీ, లేత శంకువులు రాలిపోవడానికీ కారణాలు చాలావరకు ఈ ముందు వెనకల్లోనే దొరుకుతాయి.

ముందు అండం సంగతి చూద్దాం. వివృతబీజాల అండాన్ని ఏ అండాశయమూ చుట్టి ఉండదు. 1820ల్లో రాబర్ట్ బ్రౌన్ గమనించి చెప్పిన విషయం ఇదే. సైకస్‌లో ఆడ మొక్క నడినెత్తిన ఆకుల్లాంటి పత్రాలు గుంపుగా వస్తాయి, వాటి అంచుల్లో అండాలు బయటికే కనిపిస్తాయి. పైన్‌లో ఆడ శంకువు నడిమి కాడ చుట్టూ పొలుసులు ఉంటాయి. ఒక్కో పొలుసు పైముఖాన రెండేసి అండాలు, వాటి నోళ్లు కాడ వైపు తిరిగి ఉంటాయి. అండం మధ్యలో ఉండే కణజాలం న్యూసెల్లస్. దాని చుట్టూ ఒకే ఒక్క అండకవచం ఉంటుంది, కొసన చిన్న రంధ్రం ఉంటుంది, అదే అండద్వారం. పైన్ అండంలో ఈ కవచం కొస రెండు కొమ్ముల్లా చీలి ఉంటుంది. లేత శంకువును నిలువునా కోసి, పొలుసును చిటికెనవేలి గోరుతో విడదీసి భూతద్దం కింద పెడితే ఆ కొమ్ములు తేలిగ్గానే కనిపిస్తాయి. పుప్పొడి ముందుగా అతుక్కునేది వాటికే.

పుప్పొడి వెలువడే దశకే పైన్ పరాగరేణువులో నాలుగు కణాలుంటాయి: పనేమీ లేకుండా మిగిలే రెండు ప్రథాలియల్ కణాలు, ఒక ఉత్పాదక కణం, ఒక నాళికా కణం. పక్కన రెండు గాలి తిత్తులుంటాయి. ఇవి గాలిలో తేలడానికే అని చాలామంది చదువుకుని ఉంటారు. అండం దగ్గర వాటికి అంతకంటే ముఖ్యమైన పని ఉంది. పైన్‌లో అండద్వారం నుంచి ఒక ద్రవపు బొట్టు బయటికి ఊరుతుంది, దీన్ని పరాగబిందువు అంటారు. కొమ్ముల మీద పడ్డ రేణువులు ఆ బొట్టులో చిక్కుతాయి. అండం నోరు కిందికి ఉన్నప్పుడు తిత్తులున్న రేణువు ద్రవంలో పైకి తేలి నేరుగా న్యూసెల్లస్ దగ్గరికి చేరుతుంది. ఆ తర్వాత బొట్టు లోపలికి ఇంకిపోతుంది. అన్ని శంకుధారులదీ ఈ పద్ధతి కాదు. డగ్లస్ ఫర్, లార్చ్ రేణువులకు తిత్తులే ఉండవు. వాటి అండకవచం కొస నూగుతో నాలుకలా ఉండి రేణువును పట్టుకుని లోపలికి ముడుచుకుంటుంది. అరౌకేరియాలో రేణువు పొలుసు మీదే మొలకెత్తి, అక్కడి నుంచి నాళం అండందాకా పాకుతుంది. సైకాడ్‌లలో, అంటే సైకస్, దాని బంధువుల్లో, ఎక్కువ జాతులకు ముక్కుపురుగుల్లాంటి చిన్న కీటకాలే పుప్పొడి మోసుకొస్తాయి. కాబట్టి వివృతబీజాలన్నీ గాలి మీదే ఆధారపడతాయన్న మాట సరికాదు.

ఆడ శంకువు పొలుసులు తెరుచుకుని ఉండేది కొద్ది రోజులే. ఆ రోజుల్లో వాన పట్టుకుంటే పుప్పొడి ఎగరదు. మంచు దెబ్బ తగిలితే శంకువే నల్లబడి పోతుంది. పుప్పొడి అందాక పొలుసులు లావెక్కి ఒకదానికొకటి అతుక్కుని మూసుకుపోతాయి, అండద్వారం దగ్గరి కవచ కణాలు ఉబ్బి దారి మూస్తాయి. లోపల రేణువు మొలకెత్తి చిన్న నాళాన్ని న్యూసెల్లస్‌లోకి దింపుతుంది, అంతటితో ఆగిపోతుంది.

ఎందుకు ఆగాలి? కలవడానికి అక్కడ స్త్రీబీజకణం ఇంకా లేదు కాబట్టి. పుప్పొడి చేరిన నాటికి పైన్ అండంలో ఉన్నది స్థూలసిద్ధబీజ మాతృకణం మాత్రమే. ఆ తర్వాత కొన్ని వారాలకు గానీ అది క్రోమోజోములను సగం చేసే క్షయకరణ విభజన పొందదు. ఒకే వరసలో నాలుగు స్థూలసిద్ధబీజాలు వస్తాయి, అండద్వారానికి అన్నిటికంటే దూరాన ఉన్నది ఒక్కటే బతుకుతుంది, మిగతా మూడూ నశిస్తాయి. బతికిన దాంట్లో కేంద్రకం విభజన మొదలవుతుంది గానీ, మధ్యలో గోడలు కట్టుకోవు. కొద్ది పదుల కేంద్రకాలు ఏర్పడేసరికి చలికాలం వస్తుంది, పని ఆగుతుంది. మరుసటి వసంతంలో మళ్లీ జోరందుకుని కేంద్రకాలు సుమారు 2000 దాకా పెరుగుతాయి. అప్పుడు అంచుల నుంచి లోపలికి గోడలు కట్టుకుంటూ వచ్చి కణజాలం నిండుతుంది. అండద్వారం వైపు ఉపరితల కణాలు కొన్ని పెద్దవై ఆర్కిగోనియాలుగా మారతాయి. పైన్‌లో మామూలుగా రెండు మూడు ఉంటాయి, ఒక్కోదాంట్లో ఒక పెద్ద స్త్రీబీజకణం. చుట్టూ ఉన్న కణాల పొర దానికి పోషణ అందిస్తుంది.

ఈలోపు పరాగనాళం కూడా కదులుతుంది. ఉత్పాదక కణం విభజన చెంది ఒక వృంతకణాన్ని, ఒక దేహకణాన్ని ఇస్తుంది. దేహకణం విభజనతో రెండు పురుషబీజాలు వస్తాయి, వాటి పరిమాణం సమానంగా ఉండదు. నాళం ఆర్కిగోనియం మెడ దాటి లోపలికి చేరి తన సరుకంతా స్త్రీబీజకణంలోకి వదులుతుంది. రెండు పురుషబీజాల్లో ఒకటి కలుస్తుంది, రెండోది క్షీణిస్తుంది. స్కాట్స్ పైన్ లాంటి జాతుల్లో పరాగసంపర్కానికీ ఈ కలయికకూ మధ్య దాదాపు ఏడాది గడుస్తుంది. స్ప్రూస్, ఫర్ చెట్లలో కొన్ని వారాలే పడుతుంది, అందుకే వాటి శంకువు పుట్టిన ఏడే పండుతుంది. మధ్యధరా ప్రాంతపు స్టోన్ పైన్‌కి మాత్రం మూడేళ్లు కావాలి. పైన్ కొమ్మను ఒకసారి పరిశీలనగా చూస్తే ఈ కాలం లెక్క కంటికే తెలుస్తుంది: చిగురు కొసన ఈ ఏటి చిన్న శంకువు, కాస్త కిందికి పోయినేటి పచ్చటి శంకువు, ఇంకా కిందికి గింజలు రాల్చేసిన ఎండు శంకువు.

ఫలదీకరణలో ఇంకో విశేషం ఉంది, పాఠ్యపుస్తకాలు దీన్ని దాదాపు ప్రస్తావించవు. పైన్ కుటుంబంలో హరితరేణువులు తండ్రి వైపు నుంచి వస్తాయి, మైటోకాండ్రియా తల్లి వైపు నుంచి. సీక్వోయా అనే శంకుధారి చెట్టులో రెండూ తండ్రి వైపు నుంచే. పూల మొక్కల్లో ఎక్కువగా రెండూ తల్లి నుంచే వస్తాయి కాబట్టి, శంకుధారుల్లో వంశక్రమం చూసేవాళ్లు ఈ తేడా మరిచిపోతే లెక్క తలకిందులవుతుంది.

సైకాడ్‌లు, గింకో అనే మరో వివృతబీజపు చెట్టు ఇక్కడ పాత పద్ధతి వదల్లేదు. వాటి పరాగనాళం పురుషబీజాన్ని మోసుకుపోయే గొట్టం కాదు. అది న్యూసెల్లస్‌లోకి కొమ్మలు వేసి పోషకాలు పీల్చుకుంటుంది. ఉబ్బిన మొదలు చివరికి పగిలి, కశాభాలు, అంటే ఈదడానికి సన్నటి తోకల్లాంటి పోగులు, ఉన్న పురుషబీజాలు ఆర్కిగోనియాల మీది ద్రవంలోకి వస్తాయి, అక్కడి నుంచి ఈదుకుంటూ లోపలికి వెళతాయి. 1896లో టోక్యోలోని కొయిషికావా ఉద్యానవనంలో ఒక గింకో చెట్టు అండాలను కోసి చూస్తూ హిరాసే సకుగొరో వీటిని కనిపెట్టాడు. అదే ఏడు ఇకెనో సీఇచిరో సైకస్‌లోనూ ఇవే ఉన్నాయని చూపాడు. జామియా అనే సైకాడ్ పురుషబీజం సుమారు 0.3 నుంచి 0.4 మిల్లీమీటర్లు ఉంటుంది, వేల కశాభాలు దాని చుట్టూ మరలాగా తిరిగి ఉంటాయి. మంచి వెలుతురులో మామూలు కంటికే చుక్కలా ఆనుతుంది. విత్తన మొక్కల మొత్తంలో ఇంతటి పురుషబీజం మరెక్కడా లేదు.

పైన్‌లో సంయుక్తబీజ కేంద్రకం రెండుసార్లు విభజన చెందుతుంది, వచ్చిన నాలుగు కేంద్రకాలూ కణం అడుగుకి దిగుతాయి. అక్కడ గోడలు కట్టుకుని నాలుగు అంతస్తుల్లో పదహారు కణాలు ఏర్పడతాయి. అట్టడుగు అంతస్తు పిండం అవుతుంది, దాని పై అంతస్తు సస్పెన్సర్. సస్పెన్సర్ కణాలు బాగా సాగి పిండాన్ని నేరుగా ఆ నూనె పప్పు నడుమకు తోస్తాయి. అక్కడి కణాలు కరిగి దారి ఇస్తాయి, గింజ మధ్యలో కనిపించే ఖాళీ గది అలా ఏర్పడుతుంది. ఈ దశలో నాలుగు నిలువు వరసలూ విడిపోయి ఒకే సంయుక్తబీజం నుంచి నాలుగు పిండాలు మొదలవుతాయి. పక్క ఆర్కిగోనియాలు కూడా ఫలదీకరణ చెంది ఉంటే వాటి నుంచి మరిన్ని. మూడు ఆర్కిగోనియాలుంటే పన్నెండు పిండాలు మొదలయ్యే వీలుంది. మామూలుగా ఒక్కటే నిలుస్తుంది, మిగతావి మధ్యలోనే ఆగిపోతాయి. స్ప్రూస్‌లో ఈ చీలిక ఉండదు. గింకోలో గోడలు కట్టుకునే ముందు సుమారు 256 కేంద్రకాలు ఏర్పడతాయి. సీక్వోయాలో విడి కేంద్రకాల దశే లేదు, మొదటి విభజనతోనే గోడ వచ్చేస్తుంది. పరీక్షల కోసం పైన్ ఒక్కటే చదివి దాన్ని మొత్తం వర్గానికి అంటగట్టకూడదని చెప్పేది ఇందుకే.

పిండం ఎదిగాక ఒక కొసన ప్రథమమూలం, మరో కొసన చిగురు, దాని చుట్టూ బీజదళాలు. సైకాడ్‌లలో, గింకోలో బీజదళాలు సాధారణంగా రెండు. పైన్‌లలో చాలా జాతులకు ఐదు నుంచి పన్నెండు దాకా ఉంటాయి. ఈలోగా అండకవచం బీజకవచంగా మారుతుంది. దాంట్లో మూడు పొరలు: బయట మెత్తనిది, నడుమ రాయిలాంటిది, లోపల పలచటి పొర. పైన్‌లో బయటి పొర ఎండి దాదాపు లేకుండా పోతుంది. గింకోలో అదే కండపట్టి, పండినట్టై, బ్యూటిరిక్ ఆమ్లం వల్ల కంపు కొడుతుంది. పైన్ గింజ రెక్క బీజకవచంలో భాగం కాదు, పొలుసు మీది పొర ఊడి గింజతో వస్తుంది. యూ చెట్టు గింజ చుట్టూ ఉండే ఎర్రటి గిన్నె, జునిపర్ 'పండు' కూడా ఫలాలు కావు: మొదటిది అండం అడుగు భాగం నుంచి పెరిగిన కండ, రెండోది కండపట్టి కలిసిపోయిన పొలుసులు.

కాబట్టి ఒక పైన్ గింజలో మూడు తరాలు ఒకదాంట్లో ఒకటి ఉంటాయి. బయటి పెంకు తల్లి చెట్టుది, ద్వయస్థితికం, అంటే క్రోమోజోములు రెండు వరసలున్నది. పప్పు తల్లి వైపు నుంచి సగం జన్యువులే ఉన్న సంయోగబీజదం. నడుమ పిండం కొత్త తరం, మళ్లీ ద్వయస్థితికం. ఈ ఏర్పాటు జన్యుశాస్త్రజ్ఞులకు భలే పనికొచ్చింది. 2014లో లాబ్లాలీ పైన్ జన్యుక్రమం ప్రచురించినప్పుడు, అంటే సుమారు 2200 కోట్ల అక్షరాల క్రమం, ఎక్కువ డీఎన్‌ఏ ఒక్క గింజలోని పప్పు నుంచే తీశారు. ఏకస్థితికం కాబట్టి రెండు వరసల క్రోమోజోముల మధ్య గందరగోళం ఉండదు.

ఇదంతా చేత్తో చూడాలంటే తినడానికి అమ్మే పెంకుతో ఉన్న పైన్ గింజ ఒక్కటి చాలు. పగలగొట్టి పప్పును నాలుగైదు గంటలు నీళ్లలో నాననివ్వండి. మొనదేలిన కొసన గోధుమ రంగు కాగితం టోపీ లాంటిది కనిపిస్తుంది, అది న్యూసెల్లస్ మిగులు. అండద్వారం ఉండేది ఆ వైపే. బ్లేడుతో నిలువునా, నడిమికి కాస్త పక్కగా మొదలుపెట్టి పలచగా చెక్కుకుంటూ వస్తే పిండం తెగకుండా బయటపడుతుంది. ప్రథమమూలం టోపీ వైపు, బీజదళాల కుచ్చు అవతలి వైపు ఉంటాయి. మూలం కొసను సూదితో మెల్లగా లాగితే చుట్టలు చుట్టుకున్న సన్నటి దారం వస్తుంది, సస్పెన్సర్ అదే. అయోడిన్ చుక్క వేస్తే పైన్ పప్పు పెద్దగా నల్లబడదు, దానిలో నూనె, ప్రోటీనులే ఎక్కువ. సైకస్, గింకో పప్పు నీలి నలుపుకి తిరుగుతుంది, అక్కడ పిండిపదార్థం ఎక్కువ. సైకస్ గింజ విషం, గింకో కండ చర్మానికి పడదు కాబట్టి వాటిని చేతితొడుగులతోనే ముట్టుకోండి.

ఇక తాలు గింజల సంగతి. విత్తనాల తోటల్లో పనిచేసేవాళ్లను అన్నిటికంటే వేధించేది ఇదే. పైన్ చెట్టు ఒక జాగ్రత్త పాటిస్తుంది: పుప్పొడి అందని అండం మీద తిండి ఖర్చు పెట్టదు. అలాంటి అండాలు తొలి ఏడే ముడుచుకుపోతాయి. శంకువులో మరీ ఎక్కువ అండాలకు పుప్పొడి అందకపోతే శంకువే రాలుతుంది. కాబట్టి పైన్‌లో నిండు పరిమాణంలో ఉన్న పెంకు లోపల ఖాళీగా ఉంటే, పుప్పొడి రాలేదని కాదు, వచ్చాక పిండం చచ్చిందని అర్థం. ఎక్కువసార్లు కారణం స్వపరాగసంపర్కం: అదే చెట్టు పుప్పొడి వచ్చి కలిస్తే దాగి ఉన్న ప్రాణాంతక జన్యువులు జతపడతాయి, పిండం చస్తుంది, దాంతో పప్పు కూడా కుంచించుకుపోతుంది. స్ప్రూస్, ఫర్, లార్చ్, డగ్లస్ ఫర్‌లలో ఈ జాగ్రత్త లేదు. పుప్పొడి అందకపోయినా పెంకు పూర్తిగా పెరుగుతుంది. ఒకే లక్షణం చూసి రెండు చోట్లా ఒకే మందు వెయ్యకూడదు. పైన్ తోటలో తాలు ఎక్కువైతే ఒకే వంశపు చెట్లు పక్కపక్కన నాటారేమో చూడాలి, డగ్లస్ ఫర్ తోటలోనైతే ముందు పుప్పొడి చాలిందా అని చూడాలి.

పురుగుల్లో లెప్టోగ్లాసస్ జాతి నల్లులు ముక్కు గుచ్చి లేత అండాలను పీల్చేస్తాయి, పైకి మచ్చ కూడా కనబడదు. డగ్లస్ ఫర్‌లో మెగాస్టిగ్మస్ అనే చిన్న కందిరీగది ఇంకా ఆశ్చర్యమైన పని. ఫలదీకరణ జరగని అండంలో గుడ్డు పెట్టినా సరే, మామూలుగా క్షీణించిపోవాల్సిన పప్పు క్షీణించదు, నిల్వలు కూడబెడుతూనే ఉంటుంది. పిండం ఉండాల్సిన చోట లార్వా ఉండి ఆ తిండి తినేస్తుంది. ముందే సిద్ధం చేసిన తిండి ఎవరి కోసమో తేల్చుకునే వీలు ఆ కణజాలానికి లేదన్నది ఇక్కడ స్పష్టంగా తెలుస్తుంది.

గింజలు సేకరించేవాళ్లు శంకువు రంగు చూసి మోసపోతారు. కోసి చూడడమే నమ్మకమైన పని. పది శంకువుల నుంచి గింజలు తీసి నిలువునా కోస్తే నిండుగా తెల్లటి పప్పు, నడిమి గదిలో కనీసం నాలుగింట మూడు వంతులు ఆక్రమించిన పిండం కనిపించాలి. గది పెద్దగా, పిండం చిన్నగా ఉంటే ఇంకా ఆగాలి. పప్పు పసుపు తిరిగి నూనె ముక్కిపోయిన వాసన వస్తే గింజ పాతబడింది. అమెరికా దక్షిణ రాష్ట్రాల పైన్‌లకు శంకువును ఎస్‌ఏఈ 20 మోటారు నూనెలో వేసి చూసే పద్ధతి ఉంది: తేలితే నీరు తగ్గి పండినట్టు, మునిగితే పచ్చిది. పచ్చి శంకువును నేరుగా వేడి గదిలో పెడితే లోపలి తేమతో పిండం ఉడికిపోతుంది, పొలుసులు బిగుసుకుపోయి తెరుచుకోవు. ముందు గాలి తగిలేలా కొన్ని వారాలు పరిచి, తర్వాత 40 డిగ్రీల సెల్సియస్ ప్రాంతంలో ఆరబెట్టాలి. గింజ తేమ 5 నుంచి 8 శాతానికి దిగాక గాలి చొరబడని డబ్బాలో మైనస్ 18 డిగ్రీల దగ్గర పెడితే పైన్, స్ప్రూస్ గింజలు ఏళ్ల తరబడి నిలుస్తాయి. తాలు వేరు చేయడానికి నీళ్లలో వేయడం పైన్‌కి సరిపోతుంది, మునిగినవి మంచివి. పెద్ద తొందరపడకుండా కొన్ని గంటలు ఆగాలి, ఎండిన మంచి గింజలు కూడా మొదట తేలతాయి.

సైకాడ్‌లకూ గింకోకూ ఈ సూత్రాలు వర్తించవు. వాటి గింజ రాలే నాటికి పిండం చాలాసార్లు పూర్తి కాదు, కొన్ని గింకో గింజల్లో ఫలదీకరణ ఆలస్యమై పిండం కంటికి ఆనదు కూడా. తడి ఇసుకలో లేదా పీట్‌లో కొన్ని నెలలు ఉంచితే లోపల ఎదుగుదల కొనసాగుతుంది. సైకాడ్ గింజను ఎండబెడితే చస్తుంది. సైకస్‌లో పుప్పొడి అందని అండం కూడా కొన్నిసార్లు నిండు గింజంత ఉబ్బుతుంది. నీళ్లలో తేలడాన్ని బట్టి తాలు అని తేల్చడం సైకస్‌లో అన్ని జాతులకూ నప్పదు. సముద్రంలో కొట్టుకుపోయే కొన్ని జాతుల గింజలో స్పంజి పొర ఉంటుంది, మంచివీ తేలతాయి.

ఎఫెడ్రా, నీటమ్, వెల్విట్షియా అనే మూడు వివృతబీజాలు ఈ కథలో పక్కదారి. ఎఫెడ్రాలో రెండో పురుషబీజమూ ఒక కేంద్రకంతో కలుస్తుందని 1990లో విలియం ఫ్రీడ్‌మన్ చూపాడు. దాని నుంచి వచ్చేది మరో పిండం, అంకురచ్ఛదం కాదు. తిండి అక్కడా సంయోగబీజదానిదే. నీటమ్, వెల్విట్షియాల్లో ఆర్కిగోనియాలే ఉండవు. నీటమ్‌లో స్త్రీ సంయోగబీజదం చాలాభాగం ఫలదీకరణ తర్వాతే పెరుగుతుంది, పూల మొక్కల వరసకు కాస్త దగ్గరగా.

పైన్ గింజ మొలకెత్తేటప్పుడు ముందు ప్రథమమూలం అండద్వారం వైపు నుంచి బయటికి వస్తుంది. బీజదళాల కొసలు మాత్రం పప్పులోనే ఉండి నూనె, ప్రోటీను కరిగించి పీల్చుకుంటాయి. అందుకే మొలక కాడ నిటారుగా లేచాక కూడా నెత్తిన పెంకు టోపీలా అంటుకుని ఉంటుంది. నర్సరీల్లో మొక్కను విడిపిద్దామని దాన్ని చేత్తో లాగేస్తుంటారు. అలా లాగితే బీజదళాల కొసలు తెగి, పీల్చాల్సిన తిండి పెంకుతోపాటు పోతుంది. పెంకు ఎండి గట్టిపడితే ఉదయం, సాయంత్రం నీళ్లు చిలకరించి తడిగా ఉంచండి, పప్పు అయిపోగానే అదే జారిపోతుంది.